ఎత్తున పెట్టిన టీవీ

గోడమీద టీవీ అంత ఎత్తున ఎందుకు పెట్టావని అడిగినవాళ్లందరికీ సెలూన్‌లో కత్తెర మామ ఒకటే చెప్పేవాడు: "గడ్డం లేవాలిగా!" పాట వచ్చినా ఆట వచ్చినా కుర్చీలో ఉన్నవాడి మొహం పైకి లేచేది. చర్మం బిగిసేది, కత్తి వెన్నమీద నడిచినట్టు నడిచేది. కామెడీ సీను వస్తోందంటే మామ ముందే కత్తి తీసేసి పక్కన నిలబడేవాడు. అందరూ చూసేది ఆ ఒక్క టీవీయే కాబట్టి, ఎవడు ఎప్పుడు కదులుతాడో ఆయనకు తెలిసేది.

ఇప్పుడు ఆ టీవీ తన మానాన తాను వాగుతోంది. కుర్చీ ఎక్కినవాడు ఎక్కినట్టే ఒళ్లోని ఫోన్లోకి దిగిపోతాడు. ఎవడి బొమ్మ వాడిది. మామకు కనిపించేది నడినెత్తి ఒక్కటే.

ఆ పొద్దున కుర్చీలో ఉన్నది మేనల్లుడు. సాయంత్రం వాడి పెళ్లి. "అన్నయ్యా, మీసం జాగ్రత్త. ఏడాదినుంచి ముద్దుగా పెంచుకుంటున్నాడు" అని చెల్లెలు ఫోన్ చేసి మరీ చెప్పింది.

"తల ఎత్తరా."

ఎత్తాడు. నురగ రాసేలోపు మళ్లీ దించాడు.

"మెడలో ఎముక లేదట్రా నీకు?"

"ఒక్క నిమిషం మామయ్యా, సిరీస్‌లో చివరి ఎపిసోడ్. రేపట్నుంచి తను చూడనిస్తుందో లేదో."

"పెళ్లిలోనైనా ఎత్తుతావా, ఆ పిల్ల నీ నడినెత్తినే చూసుకోవాలా?"

వినిపిస్తేగా! అప్పటికే చెవుల్లో ఇయర్‌బడ్స్ దోపుకున్నాడు. మామ గడ్డం కింద వేలు పెట్టి లేపాడు. వేలు తీయగానే తల జారిపోయింది. పళ్లు నూరుకుంటూ తనే నడుం వంచి, కిందినుంచి మీసం అంచు దిద్దడం మొదలుపెట్టాడు. నడుం పట్టేసింది. పైన టీవీలో వార్తలు నడుస్తున్నాయి.

ఉన్నట్టుండి మేనల్లుడు పకపకా నవ్వాడు.

ఎడమ మీసం కొస నురగతో సహా తువ్వాలు మీద పడింది.

మామ కత్తి వెనక్కి లాగాడు. ఇక చేసేదేముంది? కుడి కొసా కోశాడు. ఎడమ ఎక్కువనిపించింది. మళ్లీ కుడి. సమం అయ్యేసరికి ముక్కు కింద రెండు ఈగలు వాలినంత మిగిలింది. ఎదురుగా అంత అద్దం ఉన్నా వాడు చూస్తేగా!

ఎపిసోడ్ అయిపోయింది. ఇయర్‌బడ్స్ తీసి, సెల్ఫీకని ఫోన్ పైకెత్తాడు. అప్పుడు లేచింది గడ్డం, మామ ఇందాకటినుంచి బతిమాలుకున్నంత ఎత్తుకి.

"మామయ్యా! నా మీసం?"

"నన్నడుగుతావేంరా? నవ్వింది నువ్వు. దేనికి నవ్వావో అదన్నా చెప్పు."

వాడు ఫోన్ వైపు చూశాడు. "ఏమో... గుర్తు లేదు."

బల్లమీద మామ ఫోన్ మోగింది. చెల్లెలు. మామ రిమోట్ అందుకుని టీవీ గొంతు పెంచాడు.