ప్రశ్నతో కలిపి జవాబు

"మళ్ళీ ఫ్రిజ్ ఆపేస్తున్నావా? పాలు విరిగితే పూచీ ఎవరిదమ్మా?" అన్నారు అత్తయ్య. ఇంట్లో షూటింగ్ పెట్టుకున్న ప్రతిసారీ ఇదే మాట. ఫ్రిజ్ రొద మైకులో పడుతుంది, ఆపక తప్పదు. పాలకిచ్చే విలువలో సగం నా గొంతుకి ఇచ్చినా సరిపోయేది.

ఆటగాళ్ళ మీద, సినిమా తారల మీద డాక్యుమెంటరీలు తీస్తారే, వాటిలో కుర్చీలో కూర్చుని వ్యాఖ్యానం చెప్పే మనిషిని నేను. "నీకేం, కూర్చుని కబుర్లు చెప్పడమేగా" అంటారు మా ఆయన. ఆ కబుర్ల కోసం కూరలు తరుగుతూ ఎన్ని పాత ఆటల వీడియోలు చూశానో ఆయనకు తెలీదు. చెప్పే ఓపిక కూడా ఎప్పుడో పోయింది.

మా పనిలో ఒక పద్ధతుంది. అడిగేవాళ్ళ గొంతు తర్వాత తీసేస్తారు కనుక, ప్రశ్నను కూడా కలుపుకుని జవాబు చెప్పాలి. ఈసారి కథ ఒక పరుగుల వీరుడిది.

"ఆయన కోసం భార్య తన పరుగు మానేసింది కదా మేడమ్. ఎంత సంతోషంగా మానేసిందో చెప్పండి" అన్నాడు దర్శకుడు.

ఆ భార్య కూడా పరుగులో పతకాలు తెచ్చిన మనిషే. ఇన్నేళ్ళుగా ఇలాంటి భార్యలందరి పెదవుల మీదా నా వ్యాఖ్యానంతో నేనే చిరునవ్వులు పూయించాను. అలవాటుగా నోరు తెరిచాను.

"ఏమోయ్, టీ సంగతేమైనా ఉందా ఇవాళ?" లోపల్నుంచి మా ఆయన.

సౌండ్ చూసే అబ్బాయి చెయ్యెత్తి ఆపేశాడు. దర్శకుడు నవ్వాడు. "సార్‌కి టీ ఇచ్చేసి రండి మేడమ్, ఆగుతాం."

అందరూ ఎంత మర్యాదగా ఆగారో! సగం లేచాను. కాళ్ళు కాదు, ప్రాణం విసిగిపోయింది. మళ్ళీ కూర్చున్నాను.

"రికార్డు చేయండి. భార్య సంతోషంగా పరుగు మానేసిందా అంటే, ఆ మాట ఆమెను ఎవరూ అడగలేదు. ఈ కుర్చీలో ఆమెను కూర్చోబెట్టి అడగండి."

దర్శకుడి నవ్వు మాయమైంది. "ఇది మన కథకి కుదరదు మేడమ్. మీరిలాగే అంటే ఇంకొకరిని చూసుకోవాల్సొస్తుంది."

"చూసుకోండి" అన్నాను. నాకంటూ ఉన్నది ఈ పనొక్కటే.

"టీ అడిగానుగా?" మళ్ళీ మా ఆయన.

కుర్చీలోంచి కదలకుండా, మైకు తీయకుండా, నా పద్ధతిలోనే చెప్పాను.

"ఈ ఇంట్లో టీ ఎవరు పెడతారంటే, కావలసినవాళ్ళు పెట్టుకుంటారు. పాలు విరగకముందే కానివ్వండి."