హత్యలన్నీ విన్న కూరల కత్తి

నేను ఒక చెక్కపిడి కత్తిని. ప్రస్తుతం ఏడో బంగాళాదుంప మీద ఉన్నాను. తొక్క తెగకుండా సన్నగా కిందికి జారుతోంది. నన్ను పట్టుకున్నవాడు ఐవిన్. బల్లకు అవతల కూర్చుని కాగితాలు చదువుతున్నది ఆయన భార్య తూరిద్.

నార్వే పడమటి తీరంలో, ఎండ వచ్చిన రోజుల్ని జనం పేరు పెట్టి చెప్పుకునే చిన్న ఊళ్ళో ఒక కమ్మరి నన్ను చేశాడు. మొదట ఐవిన్ వాళ్లమ్మ చేతిలో చేపలు కోశాను. ఆమె పోయాక ఈ ఇంటికొచ్చి దుంపల్లో పడ్డాను.

తూరిద్ టీవీకి కథలు రాస్తుంది. బడిలో పాఠాలు చెప్పుకుంటూ రాసిన మొదటి థ్రిల్లర్‌ను ఈ బల్ల దగ్గరే భర్తకు చదివి వినిపించింది. పదిహేనో పేజీలో, నేను సగం దుంపలో ఉండగా, ఐవిన్ చెయ్యి ఆగిపోయింది. తూరిద్ అది గమనించింది. అప్పటినుంచి అదే పద్ధతి. నేను ఆగిన సీను ఉంటుంది. నేను కదులుతూ ఉన్న సీను పోతుంది. ఇంత ఉత్కంఠ ఎక్కడ నేర్చుకున్నారని పట్నం నిర్మాతలు అడిగితే ఆమె నవ్వి ఊరుకునేది. తెర మీద నా పేరు ఎప్పుడూ పడలేదు.

ఇరవై ఏళ్లలో ఆమె నలభై ముగ్గురిని చంపింది. మంచు కింద కొందరిని, లైట్‌హౌస్‌లో కొందరిని, ఆవిరి స్నానాల గదిలో ఒక మేయర్‌ని. అదే మనిషి వంటింట్లో సాలీడు కనిపిస్తే గ్లాసులో పట్టి బయట వదులుతుంది.

"పోస్ట్‌మాస్టరే కదూ చంపింది?" అని ఒకసారి ఐవిన్ మధ్యలోనే అన్నాడు.

"అప్పుడే ఎలా తెలిసింది నీకు?"

"మొదటి సీన్లోనే అంత మర్యాదగా మాట్లాడాడు. మన ఊళ్ళో అంత మర్యాద ఎవడికుంది!"

ఆ రాత్రంతా ఆమె పోస్ట్‌మాస్టర్ నోరు పాడుచేస్తూ కూర్చుంది.

తర్వాత ఆమెను హత్యల్లేని కథలు అడిగారు. రెండు రాసింది, జనం ఏడ్చారు. ఇవాళ చదువుతున్నది మూడోది. ఇది ఐవిన్ తమ్ముడు యార్లె కథ. పదకొండేళ్ల కిందట అన్నదమ్ములిద్దరూ పడవలో వెళితే ఐవిన్ ఒక్కడే తిరిగొచ్చాడు. పెద్ద అల వచ్చి తమ్ముణ్ణి తీసుకుపోయిందని చెప్పాడు. ఊరు నమ్మింది. తూరిద్ నమ్మింది.

"నీకు ఇష్టం లేకపోతే చెప్పు, ఇప్పుడే పొయ్యిలో పెట్టేస్తా," అంది చదవబోయే ముందు. "సోమవారం నిర్మాతలకి ఏదో ఒకటి చెప్పుకుంటాలే."

"ముందు చదువు."

చదివింది. పడవ బయలుదేరింది. అల లేచింది. యార్లె కేక పెట్టాడు. నేను కదులుతూనే ఉన్నాను. తొక్క మాత్రం మందంగా వస్తోంది.

తూరిద్ కాగితం దించింది. "బాలేదా?"

"బాగా రాశావు," అన్నాడు ఐవిన్ దుంప వైపే చూస్తూ. "కానీ అల లేదు, తూరిద్. వాడి మీద నీళ్లు చిమ్మాలని పడవను గిర్రున తిప్పాను. చిన్నప్పట్నుంచీ మేం ఆడే ఆటే. వాడు నవ్వుతూనే పడ్డాడు."

ఆమె చేతిలో పెన్సిల్ ఉంది. రాయలేదు. దాన్ని బల్ల మీద పెట్టి, "గున్వోర్‌కి తెలుసా?" అని అడిగింది.

గున్వోర్ యార్లె భార్య. ఎదురిల్లే. ప్రతి ఆదివారం ఈ బల్ల దగ్గరే భోంచేస్తుంది, బావగారి చేతి దుంపలకు వంక పెడుతుంది.

ఐవిన్ తల అడ్డంగా ఊపాడు.

"అయితే ఇది వద్దు. నేను రాయను."

"రాయి. నువ్వు రాస్తే వాడు నవ్వుతూ ఉంటాడు. కానీ గున్వోర్ టీవీలో చూసి తెలుసుకోకూడదు."

సగం తొక్క తీసిన దుంప పక్కన నన్ను పెట్టాడు. చేతులు కడుక్కుని ఒక్కో వేలూ తుడుచుకున్నాడు. తూరిద్ తనూ వస్తానన్నట్టు లేచింది. ఆయన ఆమె భుజం మీద చెయ్యి వేసి మళ్లీ కూర్చోబెట్టాడు. కోటు తొడుక్కుని బయటికి వెళ్లాడు. కిటికీలోంచి కనిపించే ఎదురింటి మెట్ల దగ్గర, అంటని బురదను బూట్లనుంచి అదే పనిగా దులుపుకుంటూ నిలబడి, ఆ తర్వాత తలుపు తట్టాడు.