పారాణి పాదాల రాజు

తప్పులుంటే దిద్దుకుని చదవండి. పెద్దవయసులో అక్షరాలు నేర్చుకున్నాను, రాయడం కూడా నిదానమే.

ఇరాక్ సైన్యం కువైట్‌లోకి వచ్చిన ఆగస్టులో, జాబ్రియా అనే పేటలో ఒక ఇంట్లో ముగ్గురే మిగిలారు. పనివాళ్లు మామా, అంటే అమ్మా, అని పిలిచే ఇల్లుగలావిడ, పనిమనిషి వెంకటేశ్వరి, టీలు కాచి ఇచ్చే గంగాధర. మామా భర్త కువైట్ సైన్యంలో అధికారి. ఆయన జాడ చెప్పించడానికి ఆమెను పట్టుకుపోతారని వీధంతా గుసగుసలు. పిల్లల్ని ముందే సౌదీ పంపేశారు.

గంగాధర నిలబడితే వెంకటేశ్వరి నడుము దాకా వస్తాడు. కడప పల్లెల్లో వీధినాటకాలాడే రోజుల్లో హాస్యగాడి వేషం ఆయనదే. ఆ ఇంటి హాలు గోడకు ఆయనంత పొట్టి మనిషిని గీసిన బొమ్మ ఒకటి వేలాడేది. ఎప్పుడో ఇటలీలో ఒక దొర కొలువులో హాస్యగాడట. దొర అతనికి పట్టుబట్టలు తొడిగి, విందుకొచ్చినవాళ్ల ముందు కోతితో కుస్తీ పట్టించేవాడట. దొర పోయాక గుర్రాలతో పాటు అతనూ కొడుకు పాలికి వచ్చాడట. బొమ్మ గీసినాయన మాత్రం అతణ్ణి కుర్చీలో కూర్చోబెట్టి, మనవైపు సూటిగా చూస్తున్నట్టు గీశాడు. ఈ కథంతా మామా చెప్పిందే.

"ఆయప్ప చూపు చూడు మ్మే. ఇంగ నేను నవ్వించను, పోండిరా అంటాండాడు" అనేవాడు గంగాధర దుమ్ము తుడుస్తూ.

ఆ మధ్యాహ్నం తలుపు బద్దలయ్యేట్టు బాదారు. ఒక అధికారి, వెనక నలుగురు సైనికులు. మామా మేడమీద ఉంది.

"ఇంటివాళ్లేరి?"

"సౌదీకి పోయారు, సయ్యిదీ" అన్నాడు గంగాధర అరబీలో.

"పైన వెతకండి."

ఒక సైనికుడు మెట్టుమీద కాలు పెట్టాడు. అంతలో అధికారి కళ్లు బొమ్మమీద పడ్డాయి. బొమ్మను చూశాడు, గంగాధరను చూశాడు, ఫక్కున నవ్వాడు.

"ఇది నువ్వే! ఏదీ, మమ్మల్ని నవ్వించు." సోఫాలో కూర్చుని పిస్తోలు మోకాలిమీద పెట్టుకున్నాడు.

"నవ్విస్తాను. కానీ మా దేశంలో రాజు రావాలంటే తెర కట్టాలి. ఈయన మెట్లమీద నిలబడితే తెర ఎక్కడ కట్టేది?"

అధికారి చెయ్యి ఊపాడు. సైనికుడు దిగాడు.

"యెంకటేస్వరీ, దుప్పటి తే మ్మే!"

చేతికందింది లాక్కొచ్చిందామె. మెట్లు చాటయ్యేట్టు ఒక కొస పైన మెట్ల కమ్మీకి కట్టి, రెండో కొస వంటింటి గుమ్మం దగ్గర పట్టుకుంది. అప్పుడు చూసుకుంది. అది పిల్లల మంచం మీది దుప్పటి. నేలకు జానెడు ఎత్తులోనే ఆగిపోయింది.

గంగాధర టీ పళ్లెం వాయిస్తూ గిరగిరా తిరిగాడు. "ఓ రాజా! మేడ దిగు! చెప్పులు విప్పి దిగు! నీ సింహాసనం వంటింట్లో ఉంది!" అని అరబీలో కేక వేసి, "తెర ఒణకనీయొద్దు మ్మే" అని తెలుగులో గొణిగాడు.

దుప్పటి కింద రెండు పాదాలు కనిపించాయి. తెల్లనివి, గోరింటాకు పండినవి. సైనికుల నవ్వు ఆగింది. అధికారి పిస్తోలు ఎత్తాడు.

"అవెవరి కాళ్లు?"

"రాజుగారివి, సయ్యిదీ! మా ఊళ్లో పారాణి పెట్టుకుని ముందు కాళ్లే వస్తాయి. హాస్యగాడు పేరడిగితేనే మొహం."

అబద్ధమేమీ కాదు, వీధినాటకంలో వాడుక అదే. గంగాధర తెర వైపు తిరిగి గద్దించాడు. "ఎవరయ్యా నువ్వు? ఏ ఊరు? ఏ రాజ్యం?"

పాదాలు బిగుసుకుపోయాయి. వెంకటేశ్వరి దుప్పటి చాటున మోచేత్తో వంటింటి వైపు పొడిచి చూపింది. పాదాలు కదిలాయి. వంటింట్లో సందు వైపు తలుపు గడియ తీసిన చప్పుడు పళ్లెం మోతలో కలిసిపోయింది.

"పేరు చెప్పవా? అయితే దించండి తెర!"

దుప్పటి జారింది. వెనక ఎవరూ లేరు. గంగాధర మెట్లకింద వెతికాడు, సోఫాకింద వెతికాడు, నెత్తి కొట్టుకున్నాడు.

"అయ్యో సయ్యిదీ! రాజు పారిపోయాడు!"

కువైట్ పాలకులు సరిహద్దు దాటిపోయిన రోజులవి. సైనికులు పొట్టలు పట్టుకుని నవ్వారు. అధికారీ నవ్వాడు. కళ్లు తుడుచుకుని వంటింటి వైపు చూశాడు.

"ఒరే, ఆ కాళ్లెవరివో చూసి రా."

గంగాధర అటు కదిలిన సైనికుడికి అడ్డంగా దొర్లాడు. "రాజు మీ క్యాంపుకే పారిపోయాడు! మిగతా ఆట అక్కడే. నన్ను తీసుకుపోండి!"

"తీసుకుపోదాం సార్, తీసుకుపోదాం!" అన్నారు సైనికులు. అధికారి గంగాధర కాలరు పట్టుకుని పైకి లేపాడు.

"అన్నా, పోవద్దన్నా!" అంది వెంకటేశ్వరి.

"అరవాకు మ్మే. నవ్వతా పంపించు. ఈల్లు నాతో వస్తేనే ఆయమ్మ సందు దాటేది."

ఆమెకు నవ్వు రాలేదు. చెయ్యి మాత్రం ఊపింది. జీపు కదలగానే వంటింటి గుండా పరుగెత్తింది. సందుకు అవతల, పొరుగింటావిడ షహర్‌బాను తలుపు మామా వెనక మూసుకుని, లోపలినుంచి గడియ పడింది.

వెంకటేశ్వరి నోట విని రాసింది: సంజీవమ్మ, అరవై ఏడేండ్లు, ఇప్పుడు ఉండేది రాయచోటి.