ఫిరంగుల తారీఖు

"…చెవుల్లో దూది పెట్టుకోవే తల్లీ, ఫిరంగులు మొదలయ్యే వేళైంది," అంది అత్త, దూది ఉండలు చేస్తూ.

"ఇవాళొద్దత్తా," అంది కోడలు.

ఆ ఊళ్ళో అంతే. ఏ తారీఖున ఏ పెద్ద సంగతి జరిగిందో, ఏటా ఆ తారీఖున అది మళ్ళీ వచ్చి పోతుంది. ఈ తారీఖు మరీ రద్దీ. ఎప్పుడో ఓడ మునిగింది ఇవాళే, పొద్దున్నుంచీ కుళాయిలో ఉప్పునీళ్ళు. ఎవరో రాజుకి పట్టం కట్టారు, వీధి నిండా గుర్రాల చప్పుడు. యుద్ధం మొదలైంది కూడా ఇవాళే. జనం ముందురోజే బిందెలు నింపుకుని, చెవుల్లో దూది కుక్కుకుని, ఎవరి పని వాళ్ళు చూసుకుంటారు.

పోయినేడు ఇవాళే కోడలి మొగుడు, గోడలకి రంగులేసే మనిషి, పరంజా మీంచి పడి చచ్చిపోయాడు. జారాడో దూకాడో ఎవరూ చూళ్ళేదు. పొద్దున ఇద్దరికీ గొడవైంది. "పోతే పో, పీడా వదుల్తుంది," అనేసింది. అతను గుమ్మంలో ఆగి ఏదో అన్నాడు. ఆమె చెవుల్లో దూది. కోపం మీదుంది, తియ్యలేదు. పెదాలు కదలడం మాత్రం చూసింది.

తనన్న మాటకే దూకేశాడేమోనని అప్పట్నుంచీ ముద్ద దిగదు.

ఈలోగా ఆమె అన్న ఆటో తెచ్చాడు. "మూట కట్టావా? మా ఇంటికొచ్చెయ్. కుట్టుమిషను కొనిపెడతా. ఈ గుమ్మం చూసుకుంటూ ఎన్నాళ్ళేడుస్తావ్?"

"ఫిరంగులయ్యాక వస్తానన్నయ్యా."

"పిచ్చిపిల్లా, రాజులవీ ఓడలవీ వస్తాయిగానీ మనలాంటోళ్ళవి వస్తాయటే?" అంది అత్త. అందేగానీ, తనూ దూది తీసేసింది.

ఫిరంగులు మొదలయ్యాయి. కిటికీలు దడదడలాడాయి. చెవులు చిల్లులు పడుతున్నా ఆమె గుమ్మం దగ్గర్నుంచి కదల్లేదు. ఒక పేలుడికీ ఇంకో పేలుడికీ మధ్య, పక్కనే నిలబడి అన్నట్టు, చిన్నగా అతని మాట వినపడింది.

అత్తకీ వినపడింది. కొంగు నోట్లో కుక్కుకుని గోడకి జారగిలబడింది.

కోడలు మూట విప్పింది. గిన్నె తీసి, పొయ్యి వెలిగించింది.

"అదేంటే? ఆటోవాడు గోల పెడుతున్నాడక్కడ!" దూది పీకి అరిచాడు అన్న.

"నువ్వెళ్ళన్నయ్యా. నేనింక ఎక్కడికీ రాను."

"ఇంతకీ ఏమన్నాడే?" అత్త వాలకం చూసి అడిగాడు అన్న.

పొయ్యి మీంచి చూపు తిప్పకుండా, అతనన్నది అన్నట్టే చెప్పింది.

"ఇవాళ పొద్దుపోతుందేమో. నువ్వు తినేసెయ్, నాకు కాస్త ఉంచు. వస్తా."