నిద్రసీమ చెరసాల తాళం

నేను ఒక ఇనుప తాళంకప్పను. మీ ఇళ్ళకు వేసే రకం కాదు. కళ్ళు మూసుకున్నాక మీరు తిరిగే ఊళ్ళు, అక్కడ ఎదురయ్యే మనుషులు ఉన్నారు చూడండి, వాళ్ళుండే నిద్రసీమలో పుట్టినదాన్ని. అక్కడా కొలిమి ఉంది, పొట్టకూటి పనులున్నాయి, చెరసాల కూడా ఉంది. నన్ను చేసిన కమ్మరి సింహాద్రి తన కోళ్ళగూటికి వేసుకుందామనుకున్నాడు. తీరా చూస్తే గూటి తలుపుకంటే నేనే బరువు. విసుక్కుని చెరసాలకు ఇచ్చేశాడు. కోళ్ళను కాయవలసినదాన్ని అలా మనుషులను కాయడానికి వచ్చాను.

కావలి మనిషి పైడితల్లి. నడివయసు దాటింది, నా అన్నవాళ్ళు లేరు. తలుపుకి నన్ను వేసి నాలుగడుగులు నడిచి, మళ్ళీ వెనక్కి వచ్చి లాగి చూసేది. వేసింది తనే అయినా నమ్మకం కుదిరేది కాదు. ఆ లాగడం కోసం నేను ఎదురుచూసేదాన్ని. నన్ను ఎవరైనా ముట్టుకునేది అప్పుడే కదా!

నా తలుపు వెనక ఉన్న ఖైదీ నూకరత్నం. మీ కలల్లోకి వచ్చి, మీరు తలచుకున్నవాళ్ళ ముఖం పెట్టుకుని నిలబడటమే నిద్రసీమ జనం పని. పోయినవాళ్ళ ముఖం పెట్టుకుంటే మాత్రం నోరు విప్పకూడదు. అది చట్టం. విప్పితే కలగనేవాళ్ళు ఇక మేలుకోరని పెద్దల భయం.

నూకరత్నానికి అప్పగించిన కల సన్యాసమ్మ అనే తల్లిది. ఆమె కూతురు గౌరి ఏటి వరదలో కొట్టుకుపోయింది. నూకరత్నం గౌరి ముఖంతో గుమ్మంలో నిలబడేది. సన్యాసమ్మ ఎప్పుడూ ఒకటే అడిగేది.

"నా మీద కోపవా తల్లీ? ఆ దినం నానే కదే నిన్ను నీళ్ళకి పంపినాను."

చాలాకాలం నూకరత్నం పెదవి బిగబట్టింది. ఒకసారి ఉండబట్టలేక, "కోపం నేదే అమ్మా" అనేసింది. ఆ మూడు మాటలకే చెరసాలలో పడింది.

ఆ తర్వాత సన్యాసమ్మ కలలో గుమ్మం ఖాళీ. ఆమె కూతురిని వెతుక్కుంటూ తన కల దాటి మా వీధుల్లోకి వచ్చేసింది. వాళ్ళనీ వీళ్ళనీ అడిగి చెరసాల వాకిట్లో కూర్చుంది. అక్కడ మీ లోకంలో తిండీ నీళ్ళూ మాని, లేపినా లేవకుండా పడి ఉందట. పెద్దలు భయపడినంతా జరిగింది. కాకపోతే మాట్లాడినందుకు కాదు, ఆ మాట ఆపేసినందుకు.

"ఎల్లిపో అప్పా, నీ పిల్ల ఇక్కడ నేదు" అని పైడితల్లి సొంత అక్కను బతిమాలినట్టు బతిమాలేది. ఆమె కదిలేది కాదు. మేలుకోనివాళ్ళు మా సీమలో మెల్లగా పలచబడి, చివరికి లేకుండా పోతారు. ఒక మధ్యాహ్నం సన్యాసమ్మ అరచేతిలోంచి వెనకున్న గోడ కనిపించింది. పైడితల్లి అది చూసింది. ఆమెను లోపలికి నడిపించుకొచ్చి, నాలో తాళంచెవి తిప్పింది. అనుమతి లేకుండా తలుపు తీస్తే ఏమవుతుందో ఆమెకు తెలుసు. అయినా తలుపు తీసింది.

లోపల నూకరత్నం తన సొంత ముఖంతో ఉంది. మచ్చల ముఖం, నెరిసిన జుట్టు.

"నువ్వు నా గౌరివి కాదు" అంది సన్యాసమ్మ.

"కాదప్పా."

"మరి కోపం నేదని ఎందుకన్నావు? ఎవులు సెప్పమన్నారు?"

"ఎవులూ సెప్పమన్నేదు. నీ ఏడుపు సూడలేకపోనాను. నీ పిల్ల మనసులో ఏటుందో నాకేటి తెలుసు? తప్పైపోనాది."

సన్యాసమ్మ గోడకు చేరగిలబడి, కూతురు పోయిందన్న కబురు అప్పుడే విన్నట్టు ఏడ్చింది. ఏడ్చి ఏడ్చి, కళ్ళు తుడుచుకుని, నూకరత్నం జుట్టు చెవి వెనక్కి సర్దింది.

"అదయితే ఏటనేదో నాకు తెలుసులే. నా పిల్లే కదా" అంది.

మరుక్షణం అక్కడ లేదు. మేలుకుంది.

కల కన్న మనిషి క్షేమంగా మేలుకుంది కనుక నూకరత్నాన్ని వదిలేశారు. తలుపు తీసినందుకు పైడితల్లిని అదే గదిలో పెట్టారు. రెండూ చట్టప్రకారమేనట. నూకరత్నం వెళ్ళినది మళ్ళీ రాలేదు. చెరసాల వైపు తిరిగి చూడాలని ఎవరికుంటుంది, ఆమెను తప్పుపట్టను. సన్యాసమ్మకు మేలుకున్నాక ఇవన్నీ గుర్తుండవు. పైడితల్లిని చూడటానికి ఎవరూ రాలేదు. ఆమె తలుపుకి వీపు ఆనించి కూర్చునేది. చెక్కకు అటువైపు ఆమె, ఇటువైపు నేను.

జుట్టు పూర్తిగా తెల్లబడ్డాక ఆమెను విడిచిపెట్టారు. అప్పటికి ఆమే ఆఖరి ఖైదీ. కొత్త చెరసాల వేరేచోట కట్టుకున్నారు. నన్ను విప్పి పట్టుకెళ్ళాలని ఎవరికీ తోచలేదు. పైడితల్లి గడప దాటి, ఆగి, నా మీద చెయ్యి వేసింది.

"నానెల్తన్నాను. నువ్వుండు మరి" అంది.

అంతకుముందు నా తలుపు దాటినవాళ్ళెవరూ నాకు చెప్పి వెళ్ళలేదు. తెరిచిన తలుపుకి వేలాడుతూ, ఇంకా ఉన్నాను.