అర్థమైందన్నవాళ్ళు

మా ఊళ్ళో మర్యాద ఎక్కువ. ఆ మర్యాదని మూటకట్టి సాగర్ కాలవలో పడేయాలని ఉంది నాకు.

మా ఆయన బ్రహ్మయ్య చుట్టలు కాల్చీ కాల్చీ గొంతులో కాన్సర్ తెచ్చుకున్నాడు. ఆపరేషన్ చేసి స్వరపేటిక మొత్తం తీసేశారు. మెడ కింద చిన్న రంధ్రం పెట్టారు, ఊపిరి ఇప్పుడు అందులోంచే. ప్రాణం దక్కిందని నేను కనబడిన దేవుడికల్లా దణ్ణం పెడుతుంటే, ఆయన నోరు తెరవడం, శబ్దం రాక మూసుకోవడం, గోడవైపు తిరిగి పడుకోవడం. వేరే ఎవరికైనా అయితే అంత బాధ ఉండేది కాదేమో. బొల్లాపల్లి పక్కన మా ఊళ్ళో గట్టు తగాదా వచ్చినా, అన్నదమ్ముల పంపకం వచ్చినా, పోలీస్ స్టేషన్‌కి పోయేముందు అందరూ మా అరుగు ఎక్కాల్సిందే. ఆయన ఒక మాట చెప్తే ఇక దానికి తిరుగులేదు. నోరు మంచిదైతే ఊరు మంచిది అని అందరికీ చెప్పిన మనిషికి ఆ నోరే లేకుండా పోయింది.

నరసరావుపేటలో జ్యోతిర్మయి మేడం అని ఒకావిడ మాట నేర్పిస్తుందంటే తీసుకెళ్ళాను. గొంతు లేకపోయినా మాట్లాడొచ్చు అంది ఆవిడ. గాలిని గుటకేసి అన్నం దిగే గొట్టంలోకి తీసుకోవాలి, దాన్ని తేన్పులాగా పైకి తేవాలి, ఆ తేన్పు మీద మాట పలకాలి. మెడకి ఆనించుకునే మిషను కూడా చూపించింది. అది మరమనిషిలా గరగరమనేసరికి మా ఆయన చెయ్యి అడ్డంగా ఊపేశాడు.

సరే, తేన్పుతోనే మొదలు. పా, తా, కా. ఊరందరికీ బుద్ధులు చెప్పినాయన బల్ల ముందు కూర్చుని బడిపిల్లాడిలా పా, తా, కా అంటూ చెమటలు కక్కేవాడు. కొన్నాళ్ళకి "తాత" అన్నాడు. నేను అక్కడే కొంగు నోట్లో కుక్కుకుని ఏడ్చేశాను.

"మీ చెవికి కూడా ట్రైనింగ్ కావాలండీ కృష్ణకుమారి గారూ" అంది మేడం. ఆయన మొహం చూడకుండా కూర్చోవాలి. ఆయన మాట అంటాడు, నాకేం వినపడిందో నేను చెప్పాలి. తప్పయితే ఆయన మళ్ళీ దిద్దుకుని అనాలి. మొదట్లో కంప అన్నాడో గంప అన్నాడో తెలిసేది కాదు. 'హ' అయితే ఆయనకి రానే రాదు. ఇద్దరం విసుక్కున్నాం, పోట్లాడుకున్నాం, మళ్ళీ కూర్చున్నాం. రాను రాను నాకు తేలికైంది. వంటింట్లో పోపు చిటపటలాడుతున్నా, "ఏమే, పప్పులో ఉప్పెయ్యలా" అని ఆయన వసారాలోంచి అంటే నాకు మాటకి మాట తెలిసిపోయేది. ఆయన బాగుపడ్డాడని తెగ సంబరపడ్డాను.

మేడం మాత్రం సంబరపడలేదు. "మీకూ నాకూ అలవాటైపోయింది. కొత్త చెవితో పరీక్ష చేద్దాం" అని, మమ్మల్ని బస్టాండు నుంచి తెచ్చిన ఆటో ఖలందర్‌ని లోపలికి పిలిచింది. మా ఆయన గాలి బాగా తీసుకుని, ఈసారి వానల్లేవు, పత్తికి పురుగు ఎక్కువైంది అని చెప్పాడు. నాకు చక్కగా అర్థమైంది. ఖలందర్ ముందుకు వంగి విని, తల గోక్కున్నాడు.

"ఏమనుకోబాకండి పెద్దాయనా, ఒక్క ముక్క అర్థం కాలా."

మేడం నవ్వింది. "ఇట్టాంటి మనిషే మీకు కావాల్సింది. అర్థం కాకపోతే కాలేదని చెప్పాలి, మీరు మళ్ళీ అనాలి. మీ ఊళ్ళో అందరికీ ఇదే చెప్పండి."

బస్సులో ఆయన కిటికీలోంచే చూస్తూ కూర్చున్నాడు. వినుకొండ దాటాక అన్నాడు, "వాడికి చెవుడు."

ఊళ్ళో అయితే ఎవరికీ చెవుడు లేదు. ఆయన నోరు తెరిస్తే చాలు, అందరూ గంగిరెద్దుల్లా తలలూపడమే. "అట్టాగే బాబాయ్." "నువ్వెట్టా అంటే అట్టాగే మావా." వాళ్ళ కళ్ళు ఒకసారి ఆయన మెడ రంధ్రానికి అడ్డం కట్టిన గుడ్డ మీద వాలి నేలమీదికి దిగడం నాకు కనపడుతూనే ఉంది. ఒకరోజు ప్రమీలమ్మ వదినని మలుపులో నిలేశాను.

"ఇందాక ఆయనేమన్నాడు నీతో?"

"ఏమో వదినా! పెద్దమనిషిని పట్టుకుని మళ్ళీ చెప్పు మళ్ళీ చెప్పు అంటే ఏం బాగుంటది? మనసు కష్టపెట్టుకోడూ?"

బతిమాలాను. తిట్టాను. అర్థం కాలేదని ఒక్కసారి చెప్పండి చాలు, అదే ఆయనకి మందు అన్నాను. దానికీ తలూపారు. వాళ్ళని అని లాభం లేదని ఆయనకే చెప్పాను, నీ మాట వాళ్ళకి తెలియడం లేదయ్యా అని.

"నీకు తెలుస్తందిగా" అన్నాడు. "వాళ్ళకి మాత్రం చెవుల్లేవా?"

ఆయన కోసం కష్టపడి నేర్చుకున్న చెవే నాకు అడ్డమొచ్చి కూర్చుంది. పోనీ పక్కన కూర్చుని నేను తిరిగి చెప్తానంటే, "పంచాయితీ ఆడదాని నోటితో చెప్పాల్నా?" అని కసిరాడు. ఊరంతటికీ అర్థమవుతుంటే ఇంకా క్లాసులెందుకని నరసరావుపేట కూడా మానేశాడు.

అప్పుడొచ్చింది ఆ దారి తగాదా. మా బావగారి వరసాయన కొడుకు త్రికోటేశ్వరరావు పొలంలోంచి భానుప్రకాష్ పొలానికి బండిదారి ఉంది. దాన్ని దున్నేస్తానని త్రికోటేశ్వరరావు, దున్నితే ఊరుకోనని భానుప్రకాష్. ఇద్దరూ మా అరుగెక్కారు. ఆపరేషనయ్యాక అదే మొదటి పెద్ద తగాదా. మా ఆయన ఉతికిన చొక్కా వేసుకుని కూర్చున్నాడు. చాలాసేపు, గాలి అందక ఆగుతూ ఆగుతూ చెప్పాడు. పత్తి తీసేదాకా దారి ఎవరూ ముట్టుకోవద్దు, తర్వాత సర్వేయర్ని పిలిపించి కొలిపిద్దాం, ఖర్చు చెరిసగం అని. ఎంత మంచి తీర్పు! తలుపు వెనక నిలబడిన నాకు ఒక్క అక్షరం పోలేదు.

"అట్టాగే బాబాయ్" అన్నాడు త్రికోటేశ్వరరావు.

"సరే మావా" అన్నాడు భానుప్రకాష్.

నేను ఉండబట్టలేక గడప దాటాను. "ఏమన్నాడో చెప్పండి చూద్దాం" అన్నాను. మా ఆయన నావైపు చూసిన చూపుకి కాళ్ళు అక్కడే ఆగిపోయాయి. వాళ్ళిద్దరూ దణ్ణాలు పెట్టి దిగిపోయారు. ఆయన ఆరోజు కడుపునిండా అన్నం తిన్నాడు.

తెల్లారి ఒకడు ట్రాక్టర్ దింపాడు. ఇంకొకడు కర్రలేసుకుని ఎదురొచ్చాడు. త్రికోటేశ్వరరావు తల పగిలింది, భానుప్రకాష్ చెయ్యి విరిగింది. మా ఆయన చెప్పుల్లేకుండానే పొలానికి పరిగెత్తాడు, వెనకాలే నేను. రాత్రి నేను చెప్పిందేంది, మీరు చేసిందేంది అని అరిచాడు. అరుపు ఎక్కడొస్తుంది, తేన్పే వచ్చింది. రక్తం కారుతున్న తలని తువ్వాలుతో అదుముకుంటూ త్రికోటేశ్వరరావు మొదటిసారి నిజం చెప్పాడు.

"నువ్వేం చెప్పావో ఎవురికి తెలుసు బాబాయ్? ఎన్నాళ్ళనుంచో ఎవురికీ తెలవడంలా. నీ మొహం చూసి తలూపతన్నాం."

మా ఆయన అందరి మొహాలూ చూశాడు. ఒక్కరూ కాదనలేదు. చివరికి నావైపు తిరిగాడు. నాకు భూమిలోకి దిగిపోవాలనిపించింది.

ఆ రోజు నుంచి ఆయన మాట్లాడలేదు. ఊళ్ళోవాళ్ళతో మానేశాడంటే సరే, నాతో కూడా మానేశాడు. నీళ్ళు కావాలంటే లేచి ముంచుకుంటాడు. నామీద కోపమా అంటే కోపం కాదు, సిగ్గు. నాకు బాగా అర్థమయ్యేదే కదయ్యా, నాతోనన్నా మాట్లాడు అని చేతులు పట్టుకున్నాను. విడిపించుకున్నాడు. వాడకపోతే నేర్చుకున్నదంతా పోతుందని మేడం ఫోన్లో చెప్పింది. ఆ సంగతి ఆయన పక్కన కూర్చుని అన్నాను. చేలోకి వెళ్ళిపోయాడు.

మొన్న త్రికోటేశ్వరరావు తలకి కట్టుతోనే వచ్చి ఆయన కాళ్ళ దగ్గర కూర్చున్నాడు. "తప్పయింది బాబాయ్. నువ్వు మాట్లాడు. తెలవకపోతే తెలవలేదనే చెప్తా, పదిసార్లయినా అడుగుతా" అన్నాడు. ఎన్ని నెలలు ఎదురుచూశాను ఈ మాట కోసం! ఆయన వాడి తల నిమిరాడు, లేచి గేదెల దగ్గరికి వెళ్ళాడు.

త్రికోటేశ్వరరావు కళ్ళు తుడుచుకుని నన్ను అడిగాడు. "నీతోనన్నా మాట్లాడతన్నాడా పిన్నీ?"

"ఎందుకు మాట్లాడడురా, శుభ్రంగా మాట్లాడతన్నాడు" అన్నాను.