ఇస్ఫహాన్ వాన కురిసే గోడ

గురువారం మధ్యాహ్నం ఉస్తాద్ బుర్హాన్ పని ముగించి చేతులు కడుక్కునేసరికి, అతని భార్య మాహ్‌రుఖ్ ముసుగు వేసుకుని గుమ్మంలో నిలబడి ఉండేది. ఇద్దరూ కాలవ దాటి, పుచ్చకాయల అంగళ్ళ మీదుగా సమాధుల వీధికి నడిచేవారు. వీధి మొదట్లో పెద్ద వాకిలికి ఎడమ పక్క గోడ బుర్హాన్ చేసిందే. సైన్యం తమను సమర్‌ఖండ్‌కు పట్టుకొచ్చిన మొదటి ఏడు చేశాడు. నీలి పలకల్ని గోరంత ముక్కలుగా కొట్టి, తీగలూ పువ్వులూ పేర్చిన గోడ. ఇస్ఫహాన్‌లో వాన పడిన రోజున ఆ గోడ తడిసేది.

అందులో వింతేమీ లేదు. ఏ ఊరి పనివాడు చేసిన గోడకు ఆ ఊరి వాతావరణం ఉంటుంది. తబ్రీజ్ వాళ్ళ గోడ మీద నడివేసవి దాకా చలి పోదని పుచ్చకాయల సలీం తన కాయలన్నీ దాని కిందే పేర్చుకునేవాడు. షిరాజ్ గోడ పక్కన ఎవరూ బట్టలు ఆరేసేవారు కాదు, ఆ ఊరి వానకు వేళాపాళా లేదు. ఫలానా గోడ ఉదయం నుంచి పొగవాసన వేస్తోందంటే, అమీర్ తైమూర్ సైన్యం ఆ ఊరు చేరిందని కబురు రాకముందే అందరికీ తెలిసిపోయేది. ఆ ఊరివాళ్ళు ఆ రోజు పొయ్యి వెలిగించేవారు కాదు.

గురువారం చనిపోయినవాళ్ళను చూడటానికి వెళ్ళే రోజు. మాహ్‌రుఖ్‌కు వెళ్ళడానికి సమాధి లేదు. తమ్ముడు రుక్న్ ఇస్ఫహాన్ మట్టిలో ఎక్కడో కలిసిపోయాడు. అందుకని ఆమె గోడ దగ్గరికి వచ్చేది. తడిగా ఉంటే ముసుగు కొంగు ఆనించి, ఆ తడి ముఖానికి అద్దుకునేది. ఎండగా ఉంటే వెచ్చని పలకకు చెంప ఆనించి, పాపం అక్కడ ఎండలు ముదిరాయి అనేది. తిరిగొచ్చేటప్పుడు మనసు తేలికై, దారిలో ఉల్లిపాయల దగ్గర కూడా బేరమాడేది. వారానికి ఆ ఒక్క పూటే ఆమెలో ఒకప్పటి ఆడపిల్ల కనిపించేది.

రుక్న్ దూదేకేవాడు. పధ్నాలుగేళ్ళ కిందట ఇస్ఫహాన్ తైమూర్ మీద తిరగబడినప్పుడు, ఊళ్ళో ఎవర్నీ మిగల్చొద్దని ఆజ్ఞ అయింది. చేతిపనివాళ్ళనూ వాళ్ళ దగ్గర పనిచేసేవాళ్ళనూ మాత్రం సమర్‌ఖండ్‌కు తోలుకు రమ్మన్నారు. ఒక సైనికాధికారి బుర్హాన్ గుమ్మంలో నిలబడి, నీ పనివాళ్ళెవరో చూపించమన్నాడు. బుర్హాన్ అయిదుగుర్ని చూపించాడు. వాళ్ళ పక్కనే, అక్క ఇంట్లో దాక్కుందామని వచ్చిన రుక్న్ నిలబడి ఉన్నాడు. మరి వీడో, అని అధికారి అడిగాడు.

పలకల పనివాళ్ళకు నడుముకు తోలుగుడ్డ కట్టేనాడు ఒక ఒట్టు వేయిస్తారు. పని చూడని చేతికి హామీ ఇవ్వనని ఒట్టు. బుర్హాన్ తాత నిలబెట్టాడు, తండ్రి నిలబెట్టాడు. బుర్హాన్ నీళ్ళు నమిలి, చివరికి నిజమే చెప్పాడు. వీడు దూదేకుతాడు అన్నాడు. దూదేకేవాణ్ణి ఏం చేస్తారులే, వదిలేస్తారు అని కూడా అనుకున్నాడట, ఆ అమాయకత్వాన్ని ఏమనాలి. అధికారి చెయ్యి ఊపాడు, రుక్న్‌ను రెండో పక్కకు తీసుకుపోయారు. ఆ సాయంత్రానికి ఊరి బయట తలల గోపురాలు లేచాయి.

ఎడారి దాటేటప్పుడు మాహ్‌రుఖ్ పది రోజులు మాట్లాడలేదు. పదకొండో రోజున మాత్రం, "నీ తప్పు కాదులే," అంది. "నువ్వు అబద్ధం ఆడలేవు. ఆడగలిగి ఉంటే ఆడేవాడివే. గుడ్డివాణ్ణి ఎందుకు చూడలేదని అడుగుతామా?" ఆ మాట పట్టుకునే ఇద్దరూ పధ్నాలుగేళ్ళు కాపురం చేశారు.

ఆ పధ్నాలుగో ఏడు శరత్కాలంలో, తైమూర్ గెలిచిన డమాస్కస్ నుంచి బందీలు వచ్చారు. పెద్ద మసీదు పని జోరుగా నడుస్తోంది. హిందూస్థాన్ ఏనుగులు రాళ్ళు లాగుతున్నాయి, పనివాళ్ళు ఎంతమందున్నా చాలడం లేదు. పనుల మీద అధికారి సారిగ్ బేగ్ కొత్తవాళ్ళను వరసగా నిలబెట్టి, బుర్హాన్‌ను పిలిపించాడు. పలకల పని వచ్చినవాడు ఇక్కడ ఉంటాడు. రానివాడు ఉత్తరాన గడ్డినేలల మీద కడుతున్న కోటకు మట్టి తవ్వడానికి పోతాడు. అక్కడి చలికాలం దాటి వచ్చినవాణ్ణి ఎవరూ చూడలేదు.

ఒక్కొక్కరికి చిన్న గొడ్డలీ ఒక పలకా ఇచ్చి నక్షత్రం ఆకారం కొట్టమన్నారు. నలుగురు చక్కగా కొట్టారు. అయిదోవాడు ముప్పై ఏళ్ళవాడు, పేరు హైసమ్. వాడు గొడ్డలిని గరిటె పట్టుకున్నట్టు పట్టుకున్నాడు. రెండు దెబ్బలకే పలక పిండైంది. బుర్హాన్ వాడి చేతులు చూశాడు. షర్బత్ అమ్ముకునే చేతులు, బొటనవేలి మీద దానిమ్మ మరక ఇంకా పోలేదు.

"వీడి సంగతేంటి ఉస్తాద్?" అని బేగ్ అడిగాడు.

"పనివాడే. దారిలో చలికి వేళ్ళు కొయ్యబారాయి. నేను పూచీ."

ఆ మాట తన నోటినుంచే వచ్చిందని బుర్హాన్‌కు కాసేపటిదాకా తెలియలేదు.

సారిగ్ బేగ్ తెలివితక్కువవాడు కాదు. గడ్డం గోక్కుంటూ పిండైన పలకను చూశాడు. "సరే, వీడి చేత ఒక ఫలకం చేయించు. నలభై రోజులు. డమాస్కస్ వాన పడిందా, నీ మాట నిజం. ఇస్ఫహాన్ వాన పడిందా, అది నీ పని. అప్పుడు ఇద్దరూ కలిసే మట్టి తవ్వుకోండి," అన్నాడు.

ఇరుక్కుపోయాడు బుర్హాన్. హైసమ్ చేత చేయిస్తే నాలుగేళ్ళు పడుతుంది. తాను చేస్తే ఇస్ఫహాన్ దిగుతుంది. తబ్రీజ్ గోడ చేసిన ముసలాయన ఉస్తాద్ కుత్బ్ దగ్గరికి వెళ్ళి, మరో దారి ఉందా అని అడిగాడు. ఆయన రొట్టె తుంచుకుంటూనే జవాబు చెప్పాడు.

"పలక కొట్టేటప్పుడు మనసులో ఏ ఊరుంటే ఆ ఊరే గోడలోకి దిగుతుంది. ఆ సంగతి నీకు చెప్పక్కర్లేదు. కానీ చేతికి ఒక్క ఊరే ఉంటుంది నాయనా. మార్చావో, పాతది తిరిగిరాదు. షిరాజ్ హమీద్ ఇక్కడి పిల్లను కట్టుకుని, ఆ సంతోషంలో సమర్‌ఖండ్‌ను తలుచుకుంటూ ఒక గోడ చేశాడు. ఆ గోడకు మొదటి వాన తగిలిన వారంలోనే, అంతకుముందు వాడు చేసినవన్నీ ఎండి మామూలు గోడలైపోయాయి. నీ గోడ దగ్గరికి ఎంతమంది వస్తున్నారో చూసుకో."

బుర్హాన్ లెక్కపెట్టుకోలేదు. లెక్క మాహ్‌రుఖ్ ఒక్కతే. ఆ రాత్రి భోజనం దగ్గర చెబుదామనుకున్నాడు. ఆమె అడ్డం చెబితే హైసమ్ పోతాడు, సరేనంటే ఆ భారం ఆమె మీద పడుతుంది. ఇలా రెండు రకాలుగా నచ్చజెప్పుకుని, అసలు చెప్పకుండా ఊరుకున్నాడు. మగవాళ్ళు మౌనానికి ఎప్పుడూ మంచి కారణాలే వెతుక్కుంటారు.

మర్నాటి నుంచి పని మొదలైంది. హైసమ్‌ను ఎదురుగా కూర్చోబెట్టి, అంచులు అరగదీయడానికి ఒక రాయి ఇచ్చి, మీ ఊరు చెప్పు అన్నాడు. యాత్రికులకు షర్బత్ అమ్మి నేర్చుకున్న వచ్చీరాని ఫారసీలో హైసమ్ అందుకున్నాడు. మా ఊరు స్వర్గం ఉస్తాద్, మా ఏడు నదులు తేనె...

"స్వర్గం నాకొద్దు. వాన పడితే మీ వీధిలో ఏమవుతుందో చెప్పు."

హైసమ్ ముఖం మాడ్చుకున్నాడు. "వాన పడితే నా కొంప మునుగుతుంది. షర్బత్ ఎవడు తాగుతాడు? పళ్ళ అంగడి దగ్గర బురదలో జారి, మా అమ్మ పోసిచ్చిన కూజా ఎన్నిసార్లు పగలగొట్టానో. ఆమె పైకప్పు మీద నిలబడి నన్నూ తిట్టేది, మేఘాన్నీ తిట్టేది."

"ఏమని తిట్టేది?"

అలా సాగింది. వానను వాడు పగవాణ్ణి గుర్తుపెట్టుకున్నట్టు గుర్తుపెట్టుకున్నాడు. ఏ మూల నుంచి మబ్బు పడుతుందో, ఏ చూరు కారుతుందో, తడిసిన గాడిదలు ఏ పందిరి కింద చేరుతాయో అన్నీ చెప్పాడు. బుర్హాన్ వింటూ కొట్టేవాడు. మధ్యలో ఇస్ఫహాన్ నది మీద వంతెన గుర్తొచ్చేది, పెళ్ళయిన ఏడు దానిమ్మ చెట్టు కింద మాహ్‌రుఖ్ నవ్విన నవ్వు గుర్తొచ్చేది. అప్పుడు చేతిలో ఉన్న ముక్కను పక్కన పడేసి పగలగొట్టేవాడు. మొదటి వారం పగిలినవే ఎక్కువ. తరవాత తరవాత తగ్గాయి. చివరి వారం ఒక్కటీ పగల్లేదు. ఆ రోజుల్లో ఇంటికెళ్ళి భార్య ముఖం చూడటానికి అతనికి సిగ్గేసేది.

ఈ పనిలో ముక్కల్ని బోర్లా పేరుస్తారు. పైన కనిపించేది మట్టి వెనక భాగమే. మీద గచ్చు పోసి, ఆరాక లేపి గోడకు నిలబెట్టేదాకా అందం ఎలా వచ్చిందో చేసినవాడికే తెలియదు. నలభయ్యో రోజున లేపారు. పని ముచ్చటగా వచ్చింది. కానీ ఎవరి ఊరి నీలమో చూసి చెప్పడం ఎవరి తరమూ కాదు. మిగతా నలుగురు డమాస్కస్ పనివాళ్ళు ఈలోగా చేసిన ఫలకాల పక్కనే నిలబెట్టి అందరూ ఎదురుచూశారు. బేగ్ రోజూ ఉదయం వచ్చి వేలితో తడిమి వెళ్ళేవాడు.

పన్నెండో రోజు మధ్యాహ్నం, సమర్‌ఖండ్‌లో ఎండ కాస్తుండగా, ఆ నలుగురి ఫలకాల మీద చుక్కలు మొలిచాయి. అయిదోది పొడిగా ఉంది. బేగ్ చేతులు కట్టుకుని నిలబడ్డాడు. బుర్హాన్ కళ్ళు మూసుకున్నాడు. కాసేపటికి హైసమ్ తన భాషలో ఏదో గొణగడం వినిపించింది. అది ప్రార్థన కాదు, తిట్టు. తల్లి మేఘాన్ని తిట్టిన తిట్టు. బుర్హాన్ కళ్ళు తెరిచేసరికి అయిదో ఫలకం పై అంచు నుంచి చూరు కారినట్టు నీళ్ళు కారుతున్నాయి. బేగ్ వేలు తడిపి వాసన చూసి వెళ్ళిపోయాడు. హైసమ్ పేరు పనివాళ్ళ పట్టీలోకి ఎక్కింది.

తరవాతి గురువారం మాహ్‌రుఖ్ మామూలుగానే ముసుగు వేసుకుని వచ్చింది. దారంతా బుర్హాన్ రెండడుగులు వెనకే నడిచాడు. గోడ దగ్గర ఇస్ఫహాన్ వాళ్ళు పదిమంది దాకా నిలబడి ఉన్నారు. ఈపాటికి అక్కడ మంచు పడాలే అని ఎవరో అంటున్నారు. మాహ్‌రుఖ్ అరచెయ్యి ఆనించి చూసింది. చెంప ఆనించి చూసింది. సమర్‌ఖండ్ గాలి ఎంత చల్లగా ఉందో పలక కూడా అంతే చల్లగా ఉంది, ఏ మామూలు గోడైనా ఉన్నట్టు.

బుర్హాన్ ఆమెను పక్కకు పిలిచి అంతా చెప్పాడు. కుత్బ్ మాటా, నలభై రోజుల పనీ, ఏదీ దాచలేదు. ఏడుస్తుందనుకున్నాడు. అరిస్తే పడదామనుకున్నాడు. ఆమె గోడ గురించి ఒక్క ముక్క అడగలేదు.

"అతనికి పని బొత్తిగా రాదా?"

"రాదు."

"నీకు తెలిసే చెప్పావా, పనివాడని?"

"తెలిసే చెప్పాను."

ఆమె ముసుగు కొంగు వేళ్ళకు చుట్టుకుని విప్పింది. "ఆ మాట అనడానికి ఎంతసేపు పట్టింది?"

బుర్హాన్ నిజమే చెప్పాడు. "ఎంతోసేపు పట్టలేదు. బేగ్ అడిగాడు, అనేశాను."

"అనేశావు," అంది మాహ్‌రుఖ్. చాలాసేపు అతని ముఖంలోకి చూసింది, పధ్నాలుగేళ్ళుగా ఒకే ఇంట్లో ఎవరితో ఉందో ఇప్పుడే తెలుస్తున్నట్టు. "అయితే నువ్వు అనగలవు."

ఆమె ముసుగు సర్దుకుని, ఇంటి దారి కాకుండా, డమాస్కస్ వాళ్ళ పేట ఎటని పుచ్చకాయల సలీంను అడిగి ఆ దారి పట్టింది. తన తమ్ముడి ప్రాణం ఎవరికి దక్కిందో చూసి వస్తానంది. బుర్హాన్ వెంట వెళ్ళబోతే, రావద్దని చెయ్యి ఊపింది.